మున్ యెబోంగ్ సినిమాలను ఒక్కచోట చూడనివ్వండి: ఫిల్మ్ ఆర్కైవ్‌లకు బహిరంగ లేఖ

ఫిల్మ్ ఆర్కైవ్‌ల అంతర్జాతీయ సమాఖ్య (ఫియాఫ్) కార్యవర్గానికి,
సియోల్, ప్యాంగ్యాంగ్, బీజింగ్, టోక్యో నగరాల్లోని ఫిల్మ్ ఆర్కైవ్‌ల అధికారులకు,
మన దేశంలో ఫిల్మ్ ఫెస్టివల్స్ నడిపే నిర్వాహకులకు,

నమస్కారం.

మీరు చేసే పని మీద మాకు గౌరవం ఉంది. రీళ్లను కాపాడే మనుషులే లేకపోతే ఈ ఉత్తరంలో చెప్పుకోవడానికి ఒక్క సినిమా కూడా మిగిలేది కాదు. ఆ సంగతి మరిచిపోకుండానే మా ఫిర్యాదు మీ ముందు పెడుతున్నాం.

మేం హైదరాబాద్‌లో నెలకోసారి కలిసి పాత సినిమాలు చూసి, వాటి గురించి మాట్లాడుకునే చిన్న బృందం. కొరియా తొలితరం నటి మున్ యెబోంగ్ సినిమాల్లో దొరికినవన్నీ వరసగా చూడాలని అనుకున్నాం. ఏ ప్రింటు ఎక్కడుంది, ఏది చూపించడానికి వీలవుతుంది, ఎవరి అనుమతి కావాలి అని అడుగుతూ ఒక సంస్థకు రాశాం. వాళ్లు మరో సంస్థను అడగమన్నారు. అక్కడి నుంచి జవాబే లేదు. ఒక ఫెస్టివల్ వాళ్లను కలిస్తే, అంత పాత సినిమాలకు జనం రారని తేల్చేశారు. ఎవరి పేరూ ఇక్కడ రాయడం లేదు, ఎవరినీ నిందించడం మా ఉద్దేశం కాదు. విడివిడిగా అడిగితే పని జరగలేదు కాబట్టి అందరినీ కలిపి, అందరి ఎదుటా అడుగుతున్నాం.

ముందుగా విషయం చెప్పాలి. ఫెస్టివల్ నిర్వాహకుల్లో చాలామందికి ఈమె ఎవరో తెలియదని మాకు అర్థమైంది.

మున్ యెబోంగ్ 1917లో పుట్టారు. కొరియా అప్పటికి ఏడేళ్లుగా జపాన్ పాలనలో ఉంది. తండ్రికి సొంత నాటక బృందం ఉండేది. ఆమె కూడా చిన్నతనంలోనే వేషం కట్టారు. ఆ రోజుల్లో ఆడవాళ్లు నటించడమే అక్కడ కొత్త. తొలి కథానాయికల్లో ఒకరైన లీ వోల్‌హ్వా ఒక సినిమాలో కనిపించింది 1923లో. అది పోస్టల్ పొదుపు గురించి జనానికి చెప్పడానికి వలస ప్రభుత్వం తీయించిన సినిమా. అక్కడికి తొమ్మిదేళ్లకు, 1932లో, లీ గ్యుహ్వాన్ దర్శకత్వంలో వచ్చిన 'యజమాని లేని పడవ'లో మున్ యెబోంగ్ తెరమీదికి వచ్చారు. అప్పటికి వయసు పదిహేను. ఆమె తండ్రిగా వేసింది నా ఉన్‌గ్యు, 1926లో 'అరిరాంగ్' తీసి కొరియా మొత్తాన్ని ఏడిపించిన మనిషి. నది మీద రైలు వంతెన కట్టాక పడవ నడిపేవాడి బతుకు ఏమైందన్నది ఆ కథ. పని పోతుంది, ఆ వంతెన పని మీద వచ్చిన ఇంజనీరు కన్ను కూతురి మీద పడుతుంది, చివరికి ఆ తండ్రి గొడ్డలి పట్టుకుని రైలు పట్టాల మీదికి వెళ్తాడు. వలస పాలనలో ఇలాంటి కథ తెరకెక్కిందంటేనే ఆశ్చర్యం. ఆ సినిమా ఇప్పుడు లేదు.

అదే 1932లో మన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' వచ్చింది. అందులో లీలావతిగా వేసిన సురభి కమలాబాయి కూడా నాటకాల కుటుంబంలోంచి వచ్చిన మనిషే. ఆ సినిమా ప్రింటు కూడా మిగల్లేదు. కొరియా నటి గురించి తెలుగువాళ్లకు ఎందుకింత పట్టింపు అని అడిగేవారికి మా జవాబు ఇదే. ఈ నష్టం ఎలా ఉంటుందో మాకు బాగా తెలుసు.

1935 అక్టోబరులో సియోల్‌లోని దాన్‌సాంగ్సా థియేటర్లో 'చున్‌హ్యాంగ్ కథ' విడుదలైంది. కొరియాలో మొట్టమొదటి టాకీ అదే. చున్‌హ్యాంగ్ అంటే అక్కడ తెలియని ఇల్లు లేదు. ఒక గీసెంగ్ (ఆటపాటలే వృత్తిగా బతికే స్త్రీ) కూతురు తనను బలవంతపెట్టిన అధికారికి లొంగక జైలుకు వెళ్లే కథ అది. చున్‌హ్యాంగ్‌గా వేసింది మున్ యెబోంగే. అంటే కొరియన్ సినిమాకు మాట వచ్చినప్పుడు జనం విన్న మొదటి గొంతుల్లో ఆమెది ఒకటి. ఆ సినిమా కూడా పోయింది. బొమ్మ లేదు, గొంతు లేదు.

మిగిలింది ఆ తరవాతి ఏడాదిది. యాంగ్ జునామ్ తీసిన 'మిమోంగ్', 1936. నిడివి యాభై నిమిషాలు కూడా ఉండదు. ఈ రోజుకు దొరుకుతున్న కొరియన్ టాకీల్లో ఇదే పాతది. సినిమా మొదట్లోనే పంజరంలో పక్షి కనిపిస్తుంది. ఏసున్ అనే ఇల్లాలు అద్దం ముందు కూర్చుని ముస్తాబవుతుంటుంది, మొగుడు ఎక్కడికని అడుగుతాడు. డిపార్ట్‌మెంట్ స్టోరుకు. మాటా మాటా పెరుగుతుంది, ఆమె గడప దాటుతుంది. స్టోర్లో అన్నిటికన్నా ఖరీదైన బట్ట చూపించమంటుంది. భర్తను, చిన్న కూతుర్ని వదిలేసి ఒక షోకిలా రాయుడితో హోటల్లో ఉంటుంది. వాడు దొంగ అని తెలిశాక పోలీసులకు పట్టిస్తుంది. తరవాత ఒక నాట్యకారుడి మీద మనసుపడి, అతను ఎక్కిన రైలును అందుకోవాలని టాక్సీ డ్రైవరును తొందరపెడుతుంది. ఆ టాక్సీ రోడ్డు దాటుతున్న ఆమె కూతురినే గుద్దుతుంది.

ఇది పోలీసు ట్రాఫిక్ విభాగం సాయంతో, రోడ్డు భద్రత ప్రచారం కోసం తయారైన సినిమా. గాడి తప్పిన ఆడదానికి శిక్ష పడాలన్న పాతకాలపు లెక్క కూడా అందులో ఉంది. అయినా మున్ యెబోంగ్ ఆ పాత్రను చెడ్డమనిషిగా వదిలెయ్యలేదు. మొగుడి వైపు తిరక్కుండా, అద్దంలోంచి కళ్లు తియ్యకుండా ఆమె జవాబు చెప్పే తీరు చూడండి. అందులో పొగరుంది, విసుగుంది, ఆ నాలుగు గోడల మధ్య ఊపిరాడనితనమూ ఉంది. అప్పటికి ఆమె వయసు పందొమ్మిది. మా బృందంలో ఒకావిడ ఈ సన్నివేశాన్ని మళ్లీ వేయించుకుని చూశారు.

ఈ ప్రింటు సియోల్‌లో దొరకలేదు. 2005లో బీజింగ్‌లోని చైనా ఫిల్మ్ ఆర్కైవ్‌లో బయటపడింది. అంతకుముందు ఏడాది అక్కడే 'సైనిక రైలు' (1938), 'వలంటీరు' (1941), 'ఇల్లు లేని దేవదూతలు' (1941) దొరికాయి. 'మిమోంగ్'తో పాటు 'చోసోన్ జలసంధి' (1943; చోసోన్ అంటే కొరియా పాత పేరు) కూడా దొరికింది. ఈ అయిదింటిలోనూ మున్ యెబోంగ్ ఉన్నారు. దాదాపు డెబ్బై ఏళ్లపాటు సొంత దేశం చూడలేకపోయిన నటి మొహం పొరుగు దేశపు గోదాములో భద్రంగా ఉంది. ఇందుకు బీజింగ్ సిబ్బందికి, వెతికి తెచ్చిన కొరియన్ ఫిల్మ్ ఆర్కైవ్ సిబ్బందికి చేతులెత్తి దండం పెట్టాలి.

అయితే ఆ అయిదు సినిమాలను వరసగా చూస్తే గుండె బరువెక్కుతుంది. 1937లో జపాన్ చైనా మీద యుద్ధానికి దిగాక కొరియాలో సినిమా సైన్యం చేతిలోకి పోయింది. 1940లో సినిమా చట్టం వచ్చింది. 1942కల్లా చిన్నాపెద్దా కంపెనీలన్నిటినీ మూసి ఒకే ఒక్క కంపెనీ చేశారు. 'వలంటీరు' కథ కొరియా కుర్రాళ్లను జపాన్ సైన్యంలో చేరమనే కథ. 'చోసోన్ జలసంధి'కి వచ్చేసరికి పాత్రలు మాట్లాడేది జపనీస్. 1935లో తెర మీద మొదటిసారి కొరియన్ పలికిన గొంతు ఎనిమిదేళ్లు తిరక్కుండానే సొంత భాషలో మాట్లాడే వీలు లేకుండా అయింది. ఇవి ప్రచార చిత్రాలే. ఆమె వాటిలో నటించిన మాటా నిజమే, దాన్ని దాచమని ఎవరూ అడగడం లేదు. చూస్తేనే కదా ఏం జరిగిందో జనానికి తెలిసేది.

1945లో విముక్తి వచ్చింది, దేశం రెండు ముక్కలైంది. ఆమె భర్త ఇమ్ సోంగ్యు పేరున్న నాటక రచయిత. 1948లో కుటుంబమంతా ఉత్తరానికి వెళ్లింది. 1949లో ఉత్తర కొరియా తీసిన తొలి కథాచిత్రం 'నా స్వగ్రామం'లో కథానాయిక ఆమే. దర్శకుడు కాంగ్ హోంగ్‌సిక్ కూడా పాతకాలంలో సియోల్ తెర మీద నటించినవాడే. ఆపై అక్కడ కూడా కొన్నేళ్లు ఆమె కనుమరుగయ్యారు. మళ్లీ వచ్చారు, 1982లో ప్రజానటి బిరుదు ఇచ్చారు, 1999లో పోయారు.

దక్షిణాన ఏం జరిగింది? ఉత్తరానికి వెళ్లినవాళ్ల పేరెత్తడమే నేరమన్నట్టు ఉండేది. అలాంటి రచయితల పేర్లలో ఒక అక్షరం తీసేసి దాని చోట సున్న పెట్టి అచ్చువేసేవారు. 1988లో గానీ ఆ నిషేధం సడలలేదు. అంటే నలభై ఏళ్లు, ఒక తరం పుట్టి పెద్దదై పిల్లల్ని కనేంత కాలం, తమ మొదటి టాకీ కథానాయిక పేరు అక్కడి పిల్లలకు ఎవరూ సరిగా చెప్పలేదు.

దీనివల్ల మామూలు మనుషులకు ఏం నష్టమని అడిగేవాళ్లున్నారు. వాళ్ల కోసం రాస్తున్నాం.

1. ఆ సినిమాలను హాల్లో కూర్చుని చూసినవాళ్లు ఇప్పుడు తొంభై దాటినవాళ్లు. చిన్నప్పుడు అమ్మ వేలు పట్టుకుని వెళ్లి చూసిన సినిమా ఏదో, అందులో పాట ఏదో, హాల్లో జనం ఎక్కడ ఏడ్చారో చెప్పగలిగిన ఆఖరి మనుషులు వాళ్లు. సినిమా వాళ్ల ముందు పెడితేనే ఆ జ్ఞాపకాలు బయటికొస్తాయి. ఇందులో ఆలస్యమైతే ఎంత డబ్బు పెట్టినా దిద్దుకోలేం. రీళ్లను చల్లటి గదిలో పెట్టి కాపాడవచ్చు, మనుషుల్ని అలా కాపాడలేం.

2. ఆ కాలపు సామాన్యుల రోజువారీ బతుకు కదిలే బొమ్మగా మిగిలింది ఈ కొద్ది సినిమాల్లోనే. 2007లో దొరికిన 'యవ్వనపు కూడలి' (1934) సంగతే చూడండి. ఇప్పటికి దొరికిన కొరియన్ కథాచిత్రాల్లో అదే అన్నిటికన్నా పాతది. అందులో హీరో రైల్వేస్టేషన్‌లో మూటలు మోసే కూలీ. అతను ప్రేమించిన అమ్మాయి పెట్రోలు బంకులో పనిచేస్తుంది. 1934లో ఒక ఆడపిల్ల కారులో పెట్రోలు కొడుతూ కుటుంబాన్ని పోషించడం ఏ చరిత్ర పుస్తకం ఇలా కళ్లకు కట్టిస్తుంది? పెట్రోలు బంకు అమ్మాయిగా వేసిన కిమ్ యోన్‌సిల్ కూడా తరవాత ఉత్తరానికి వెళ్లారు. అన్న కోసం పట్నం వచ్చి మోసపోయిన చెల్లెలిగా వేసింది షిన్ ఇల్‌సన్, 'అరిరాంగ్' కథానాయిక. 'అరిరాంగ్' ఈ రోజుకీ దొరకలేదు. ఈ ఒక్క సినిమా బయటపడి ఉండకపోతే ఆమె నటన ఎలా ఉండేదో చెప్పుకోవడమే తప్ప చూసే దారి ఉండేది కాదు.

3. దేశం రెండుగా చీలినప్పుడు లక్షల కుటుంబాలు చీలాయి. అటు ఒక అన్న, ఇటు ఒక చెల్లి. ఆ రెండు వైపులకూ ఉమ్మడిగా మిగిలినవి చాలా తక్కువ. మున్ యెబోంగ్ వాటిలో ఒకరు. అయినా ఆమె జీవితాన్ని కూడా చీల్చేశారు. సియోల్ ఆర్కైవ్ యూట్యూబ్‌లో ఉచితంగా పెట్టే పాత సినిమాలు ఉత్తరాన ఉన్న మామూలు మనిషికి అందవు. దక్షిణాన ఉన్నవాళ్లు ఉత్తరపు సినిమాలను మామూలు హాల్లో టికెట్ కొనుక్కుని చూసే పరిస్థితి లేదు. పదిహేనేళ్ల పిల్లగా మొదలై నడివయసు దాటేదాకా ఒక మనిషి చేసిన పనిని ఆమె సొంత జనం మొదటి నుంచి చివరిదాకా ఒక్కసారైనా చూడలేకపోయారు.

4. నటన నేర్చుకునే పిల్లలు. మా ఊళ్లోనూ ఉన్నారు, ఎక్కడైనా ఉంటారు. నాటకాల నుంచి సినిమాకు, మూకీ నుంచి టాకీకి మారేటప్పుడు నటులు గొంతును, చేతులను, చూపును ఎలా మార్చుకున్నారో పాఠంగా చెప్పాలంటే ఎప్పుడూ అమెరికా, యూరప్ సినిమాలే వేస్తారు. ఆసియా ఆడవాళ్లు ఈ మార్పును ఎలా దాటారో చూపించడానికి ఎవరి దగ్గరా సరైన మెటీరియల్ లేదు.

5. ఇక ఈ కాలపు పిల్లలు. కొరియన్ సిరీస్‌లు తెలుగు డబ్బింగ్‌తో మా ఇళ్లలోకి వచ్చేశాయి. పల్లెటూళ్లలో కూడా పిల్లలు కొరియా నటుల పేర్లు గుక్కతిప్పుకోకుండా చెబుతున్నారు. అంత పెద్ద పరిశ్రమకు పునాది వేసిన నటి పేరు ఆ పిల్లల్లో ఒక్కరికీ తెలియకపోవడం వాళ్ల తప్పు కాదు.

సినిమాలు ఎలా పోయాయో మీకు మేం చెప్పనక్కర్లేదు. నైట్రేట్ ఫిల్ము ఇట్టే అంటుకుంటుంది, ఉక్కపోతకు జిగురుగా మారి పొడై రాలిపోతుంది. 1950లో మొదలైన యుద్ధం సియోల్‌ను పలుమార్లు చేతులు మార్చింది. పాత ఫిల్మును ముక్కలుగా కోసి గడ్డి టోపీల అంచుకు పట్టీగా కుట్టారని కొరియా పెద్దలు చెబుతారు. ఒక నటి మొహం ఎవరి నెత్తి మీదో ఎండకు మాడిపోయిందంటే ఏమనాలి? అది అప్పటి లేమి, అప్పటి తెలియనితనం. ఇప్పుడు తెలుసు, పరికరాలు ఉన్నాయి, ఆర్కైవ్‌లు ఉన్నాయి. ఇప్పుడు జరిగే నష్టానికి ఆ సాకు చెల్లదు.

కాబట్టి మేం కోరేవి ఇవి.

1. మున్ యెబోంగ్ నటించిన ప్రతి సినిమాకూ ఒక్క ఉమ్మడి జాబితా తయారు చేయండి. ఏది పూర్తిగా ఉంది, ఏది ముక్కలుగా ఉంది, ఏది పోయింది, ఎవరి దగ్గర ఉంది అన్నవి అందులో ఉండాలి. 1941 నాటి 'నువ్వూ నేనూ'లో కొన్ని రీళ్లే జపాన్‌లో దొరికాయి. అలాంటి ముక్కల వివరాలు కూడా రాయాలి. ఈ పని ఫియాఫ్ ముందు నిలబడి చేయించాలి. ఏ ఒక్క దేశమూ మిగతా మూడింటిని కూర్చోబెట్టలేదని ఇన్నేళ్లలో తేలిపోయింది.

2. గోదాముల్లో పేరు రాయని, తప్పు పేరు రాసిన డబ్బాలను తెరిచి చూడండి. ఆమె పేరు కొరియన్‌లో, జపనీస్‌లో, చైనీస్‌లో వేర్వేరుగా పలుకుతారు. ఒక్క స్పెల్లింగుతో వెతికి లేదని జవాబు ఇవ్వకండి. 'యజమాని లేని పడవ', 'చున్‌హ్యాంగ్ కథ', 'బాటసారి' (1937), ఈ మూడింటి కోసం ప్రత్యేకంగా వెతకమని మా విన్నపం. 'యవ్వనపు కూడలి' దొరికింది గోదాములో కాదు, ఒక కుటుంబం ఇంట్లో. కాబట్టి ఇళ్లలో, పాత థియేటర్ల అటకల మీద ఉన్నవాటిని తెచ్చిచ్చే మనుషులకు భయం లేకుండా, ఖర్చు లేకుండా ఏర్పాటు చేయండి.

3. ప్రచార చిత్రాలను దాచవద్దు, కత్తిరించవద్దు. ఎవరు తీయించారు, ఏ చట్టం కింద తీశారు, అప్పుడు నటులకు కాదనే వీలు ఎంత ఉండేది అని ముందు రెండు నిమిషాల పరిచయం పెట్టి చూపించండి. తీర్పు ప్రేక్షకులే చెప్పుకుంటారు.

4. 'మిమోంగ్'కు ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ ఉన్నాయి, సంతోషం. సబ్‌టైటిల్ ఫైళ్లను బయటికి ఇవ్వండి. తెలుగు, తమిళం, బెంగాలీ, ఏ భాషవాళ్లు ఆ భాషలో రాసుకుంటారు. తెలుగు సబ్‌టైటిల్స్ మేం పైసా అడక్కుండా రాసిస్తాం.

5. ప్యాంగ్యాంగ్ అధికారులకు ప్రత్యేకంగా. 'నా స్వగ్రామం'తో మొదలుపెట్టి ఆమె అక్కడ చేసిన సినిమాలకు మంచి కాపీలు చేసి, ఫియాఫ్ ద్వారా అయినా సరే, మిగతా ఆర్కైవ్‌లకు అందేలా చూడండి. సియోల్ అధికారులు కూడా ఆ సినిమాలను చూడాలనుకునే మామూలు పౌరుడికి దారి సులువు చేయాలి. రెండు ప్రభుత్వాల మధ్య ఉన్న చిక్కులు మాకు తెలియనివి కావు. 1936లో అద్దం ముందు కూర్చున్న ఒక పందొమ్మిదేళ్ల అమ్మాయికి ఆ చిక్కులతో సంబంధం లేదు.

6. మన ఫెస్టివల్ నిర్వాహకులకు. హైదరాబాద్‌లోనో గోవాలోనో కోల్‌కతాలోనో ఒక్క పూట ఆమె కోసం కేటాయించండి. 'యవ్వనపు కూడలి'ని 2008లో సియోల్‌లో సంగీతంతో, తెర పక్కన నిలబడి కథ చెప్పే మనిషితో వేస్తే జనం వచ్చారు. ఆ కథ చెప్పే మనిషిని వాళ్లు బ్యోన్సా అంటారు. హరికథలు విని పెరిగిన మన జనానికి అది కొత్తేమీ కాదు. కుర్చీలు నిండవేమోనని టెన్షన్ ఉంటే, ప్రేక్షకులను తీసుకొచ్చే బాధ్యత మేం తీసుకుంటాం.

ఈ ఆరింటిలో రెండోది, నాలుగోది ఇప్పటికిప్పుడు మొదలుపెట్టవచ్చు. వాటికి ఏ దేశాల మధ్యా ఒప్పందం అక్కర్లేదు. వచ్చే ఏడాది ఫియాఫ్ మహాసభలోపు మొదటి అంశం మీద మీ నిర్ణయం రాతపూర్వకంగా తెలపాలని కోరుతున్నాం. వీలుకాదనుకుంటే అదే రాయండి, కారణం కూడా రాయండి. మీ జవాబు ఏదైనా, ఈ లేఖ చదివిన వారందరికీ మార్చకుండా చూపిస్తాం. చదివినవారిలో ఈ కోరికలు న్యాయమని తోచినవాళ్లు మీకు దగ్గరలోని ఆర్కైవ్‌కో, ఫిల్మ్ సొసైటీకో మీ సొంత మాటల్లో ఒక ఉత్తరం రాయండి.

ఇట్లు,
హైదరాబాద్ నుంచి, పాత సినిమాలు చూసే కొందరు ప్రేక్షకుల తరఫున